అప్పీలు వేసి మరిచిపోతే అసలుకే మోసం

నారు పోసి, మడిలో నాటేసి, ఇక కోతల నాడు కనబడితే చాలు అనుకునే రైతు ఎక్కడైనా ఉంటాడా? ఉండడు. కలుపు తీయాలి, తడి కట్టాలి, తెగులు వస్తే కనిపెట్టుకోవాలి. పైరు విషయంలో ఇంత జాగ్రత్తగా ఉండే మనం కోర్టులో అప్పీలు వేశాక మాత్రం ఏళ్ళ తరబడి అటు తిరిగి చూడం. ఎవరైనా అడిగితే ‘‘అప్పీలు వేశాంగా, నడుస్తోంది’’ అంటాం. అది నడవడం లేదని, ఎప్పుడో ఆగిపోయిందని, కోర్టు అమీనా వచ్చి గట్టు మీద నిలబడ్డ రోజున గానీ తెలియదు.

అప్పీలు ఓడిపోవడం వేరు, వినకుండానే పోవడం వేరు. ఓడిపోయిన అప్పీలులో జడ్జిగారు కాగితాలు చూస్తారు, రెండు వైపుల వాదనలు వింటారు, మీది ఎందుకు చెల్లదో రాస్తారు. వినకుండా పోయిన అప్పీలులో మీ పాసుపుస్తకం గానీ, అడంగల్ నకలు గానీ, రిజిస్టరు దస్తావేజు గానీ ఒక్కటీ విప్పి చూడరు. పిలిచినప్పుడు పలికినవారు లేరు, అందుకని కొట్టేస్తారు. కోర్టు మాటల్లో ఇది ‘డిస్మిస్ ఫర్ డిఫాల్ట్’. మన మాటల్లో ‘డిఫాల్టులో పోయింది’. న్యాయం మీ వైపు ఉన్నా పోతుంది, లేకపోయినా పోతుంది.

ఎకరా, రెండెకరాల రైతుకు ఇది పంట నష్టం లాంటిది కాదు. పంట పోతే వచ్చే ఏడు మళ్ళీ వేసుకోవచ్చు. భూమి పోతే ఏం వేసుకుంటాడు? అందుకే ఈ వారం ఎరువు, పురుగుమందుల మాట పక్కన పెట్టి ఈ సంగతి రాయాల్సి వచ్చింది.

అసలు ఎలా పోతుంది?

మీకు ఎకరం నలభై సెంట్ల మెట్ట ఉందనుకుందాం. పక్క చేను ఆయన అందులో పన్నెండు సెంట్లు తనదంటూ జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో దావా వేశాడు. డిక్రీ ఆయనకు వచ్చింది. మీరు పై కోర్టుకు అప్పీలు వేశారు. జిల్లాలోని పై కోర్టుకైతే దీనికి గడువు 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. తీర్పు నకలు కోసం దరఖాస్తు పెట్టి ఎదురు చూసిన రోజులు ఈ లెక్కలోకి రావు. అప్పీలు వేసినంత మాత్రాన కింది కోర్టు డిక్రీ ఆగదు గనక స్టే కూడా అడిగారు. వచ్చింది.

మొదట్లో నాలుగైదు వాయిదాలకు వెళ్ళారు. ప్లీడరు గారు ‘‘అప్పీల్లో సాక్షులూ అవీ ఏమీ ఉండవయ్యా, నువ్వు ఊరికే బస్సు చార్జీలు పెట్టుకుని రావద్దు, నేను చూసుకుంటా’’ అన్నారు. ఆయన చెప్పింది అబద్ధం కాదు. అప్పీల్లో మామూలుగా వాదనలే ఉంటాయి, రైతుతో పని పడదు. మీకూ కూలి దండగ, దారి ఖర్చు దండగ. మానేశారు. సరిగ్గా ఇక్కడే తెగుతుంది తాడు.

తర్వాత రెండేళ్ళు గడిచాయి. ఇచ్చిన ఫోను నంబరు మారింది. ఫీజులో బాకీ మిగిలింది, మొహం చెల్లక మీరు వెళ్ళలేదు. ప్లీడరు గారు ఊరు మారారో, ప్రాక్టీసు మానేశారో, కాలమే చేశారో మీకు తెలియదు. మృగశిర కార్తెలో తొలకరి పడింది, ఊరంతా పొలాల్లో ఉంది. ఆ రోజునే అప్పీలు వాదనలకు వచ్చింది. బంట్రోతు పేరు పెట్టి పిలిచాడు, ఎవరూ పలకలేదు. మధ్యాహ్నం మళ్ళీ పిలిచాడు, పలకలేదు. సాయంత్రానికి రెండు మూడు వరుసల ఆర్డరు రాసి కొట్టేశారు. దాంతోపాటే స్టే కూడా పోయింది.

ఇక అవతలాయన డిక్రీ అమలు కోసం ఈ.పి. వేస్తాడు. వెంటనే వేయాలనేం లేదు. డిక్రీ అమలుకు చట్టం 12 ఏళ్ళ గడువు ఇచ్చింది. ‘నిరుడూ రాలేదు, ఈ ఏడూ రాలేదు, ఇంక రాడులే’ అని మీరు నిశ్చింతగా ఉన్నప్పుడే రావచ్చు.

చట్టం ఏమంటోంది?

1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ ఇప్పటికీ మన సివిల్ కోర్టులకు ఆధారం. అందులో 41వ ఆర్డరు 17వ రూలు ఈ విషయం చెబుతుంది. అప్పీలు విచారణకు పిలిచిన రోజున అప్పీలుదారు హాజరు కాకపోతే కోర్టు దాన్ని కొట్టివేయవచ్చు. ‘కొట్టివేయవచ్చు’ అన్నారు గానీ ‘కొట్టివేయాలి’ అనలేదు. అంటే ఇంకో వాయిదా ఇచ్చే అధికారం కూడా జడ్జిగారికి ఉంది. ఈ మాట గుర్తుపెట్టుకోండి, దీనితో మళ్ళీ పని ఉంది.

1976లో కోడ్‌ను సవరించినప్పుడు ఈ రూలుకు ఒక వివరణ చేర్చారు. అప్పీలుదారు రానప్పుడు కోర్టు డిఫాల్టు కింద కొట్టివేయవచ్చే గానీ, కేసు మంచిచెడ్డల్లోకి వెళ్ళి ‘ఇతని వాదనలో పస లేదు’ అని తీర్పు చెప్పకూడదు. 1996లో సుప్రీంకోర్టు కూడా ఒక కేసులో ఇదే మాట గట్టిగా చెప్పింది.

ఇది పైకి చిన్న తేడాగా కనిపిస్తుంది. చిన్న రైతుకు మాత్రం చాలా పెద్ద ఊరట. మంచిచెడ్డల మీద తీర్పు వస్తే తలుపుకు తాళం పడినట్టు. డిఫాల్టులో పోతే తలుపు దగ్గరగా వేసినట్టు మాత్రమే. తోస్తే తెరుచుకుంటుంది, కాకపోతే వేళకు వెళ్ళి తోయాలి.

ముప్పై రోజుల అదును

డిఫాల్టులో పోయిన అప్పీలును మళ్ళీ దాఖలా తీసుకోమని అడిగే హక్కు 41వ ఆర్డరు 19వ రూలు ఇస్తోంది. దీన్నే రీస్టోరేషన్ పిటిషన్ అంటారు. రాలేకపోవడానికి తగిన కారణం ఉందని చూపిస్తే కోర్టు అప్పీలును తిరిగి చేర్చుకుంటుంది. అవతలివారికి ఖర్చులు కట్టమని షరతు పెట్టవచ్చు. ఆ సొమ్ముకు వెనకాడవద్దు, పొలం కంటే ఎక్కువేం కాదు.

గడువు 30 రోజులు. ఎప్పటి నుంచి? మీకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి. రైతులు దెబ్బతినేది ఇక్కడే. నాకు నిన్ననే తెలిసింది గనక ఇంకా నెల రోజులు టైముందిలే అనుకుంటారు. కోర్టు లెక్కలో అది ఎప్పుడో దాటిపోయి ఉంటుంది.

గడువు దాటినా దారి పూర్తిగా మూసుకుపోలేదు. లిమిటేషన్ చట్టం 5వ సెక్షను కింద ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్ వేయాలి. రెండూ కలిపి వేయాలి. ఆలస్యం ఎందుకైందో ప్రమాణ పత్రంలో నిజం రాయాలి. ఆస్పత్రిలో ఉంటే ఆ చీటీలు, ప్లీడరు పోయి ఉంటే ఆ సంగతి, ఊళ్ళో వరదలుంటే ఆ తేదీలు, ఏది ఉంటే అది జత చేయాలి. ‘పొలం పనుల వల్ల కుదరలేదు’ అని ఒక్క ముక్క రాసి ఊరుకుంటే పని జరగదు.

సుప్రీంకోర్టు 1998లో ఒక కేసులో 883 రోజుల ఆలస్యాన్ని కూడా మన్నించింది. ఆలస్యం ఎన్ని రోజులన్నది కాదు, చెప్పిన కారణం నమ్మేలా ఉందా లేదా అన్నదే ముఖ్యమని చెప్పింది. అట్లాగని ధీమా పడవద్దు. కారణం కుదరక ఇరవై రోజుల ఆలస్యమే మునిగిన సందర్భాలూ ఉంటాయి. అదును దాటాక చల్లిన విత్తనం మొలిచినా మొలవచ్చు గానీ, దాన్ని నమ్ముకుని సేద్యం చేయలేం కదా.

రీస్టోరేషన్ పిటిషన్ వేసేటప్పుడు స్టే సంగతి కూడా ప్లీడరుకు గుర్తుచేయండి. పాత స్టే దానంతటదే మళ్ళీ వచ్చేసిందని అనుకుని ఇంటికి రావద్దు. ఈలోగా ఈ.పి. నడుస్తుంటే ఆ కోర్టులోనూ చెప్పుకోవాలి. రీస్టోరేషన్‌కు కోర్టు ఒప్పుకోకపోతే ఆ ఆర్డరు మీద పై కోర్టుకు వెళ్ళే హక్కు 43వ ఆర్డరు ఇస్తోంది. అదీ ఆలస్యం చేయకూడదు.

ప్లీడరు రాకపోతే శిక్ష రైతుకా?

ఈ ప్రశ్న దేశంలోని పెద్ద కోర్టు ముందుకు 1981లోనే వచ్చింది. రఫీక్ అనే ఆయన అప్పీలు అలహాబాదు హైకోర్టులో ఉండగా ఆయన వకీలు హాజరు కాలేదు. అప్పీలు పోయింది. తెలిసిన తర్వాత మళ్ళీ వినమని ఆయన అడిగితే హైకోర్టు ఒప్పుకోలేదు. సుప్రీంకోర్టు ఆ తీర్పును తిప్పేసింది. పల్లెటూరి మనిషి వకీలును పెట్టుకుని ఫీజు ఇచ్చాక తన బాధ్యత తీరిందని నమ్ముతాడు, కోర్టు పద్ధతులు అతనికి తెలియవు, వకీలు వచ్చాడా లేదా అని కాపలా కాయడం అతని పని కాదు, వకీలు తప్పుకు అమాయకుడైన కక్షిదారు నష్టపోకూడదు అని ఆ తీర్పు సారాంశం. అంతేకాదు, ఖర్చుల కింద 200 రూపాయలు రాని వకీలు నుంచే రాబట్టమన్నారు. మొత్తం చిన్నదే, మాట మాత్రం పెద్దది.

ఇది విని గుండెల మీద చెయ్యి వేసుకుని పడుకుంటే మాత్రం పొరపాటే. 1993లో అదే సుప్రీంకోర్టు ఇంకో కేసులో, వకీలు తప్పు అన్న మాట అన్ని చోట్లా చెల్లదని చెప్పింది. అక్కడ కక్షిదారు కలకత్తాలోనే ఆఫీసు ఉన్న కంపెనీ. తెలిసిన వాళ్ళు, ఊళ్ళోనే ఉన్నవాళ్ళు తమ కేసు తాము చూసుకోవాలి అన్నారు. 2024 నవంబరులోనూ సుప్రీంకోర్టు, తన కేసు ఏమైందో కనుక్కోవాల్సిన బాధ్యత కక్షిదారుదేనని, నెపమంతా వకీలు మీద వేసి తప్పించుకోవడం కుదరదని చెప్పింది.

నా అభిప్రాయం దాపరికం లేకుండా చెబుతాను. 1981 నాటి తీర్పులోని దయ పల్లెటూరి రైతుకు ఇప్పటికీ అవసరమే. కానీ దాన్ని నమ్ముకుని కూర్చునే రోజులు పోయాయి. ఇంటింటా సెల్ ఫోను ఉన్నప్పుడు ‘నాకు తెలియదు’ అంటే జడ్జిగారు నమ్మడం కష్టం.

ప్లీడర్ల విషయంలోనూ తెలుసుకోవాల్సినవి ఉన్నాయి. ఒప్పుకున్న కేసును సరైన కారణం లేకుండా, ముందుగా మీకు చెప్పకుండా వదిలేయకూడదని బార్ కౌన్సిల్ నియమాల్లో ఉంది. ఫీజు బాకీ ఉందని మీ కేసు కాగితాలు తన దగ్గరే పెట్టుకునే హక్కు వకీలుకు లేదని 2000లో సుప్రీంకోర్టు తేల్చింది. కాబట్టి బాకీ ఉంటే మొహం చాటేయకండి. వెళ్ళి మాట్లాడండి, కుదరకపోతే కాగితాలు తీసుకుని వేరే వకాల్తా ఇవ్వండి. వకీలు నిజంగా మోసం చేస్తే 1961 అడ్వకేట్ల చట్టం కింద రాష్ట్ర బార్ కౌన్సిల్‌కు ఫిర్యాదు చేసుకోవాలి. వినియోగదారుల ఫోరానికి వెళ్ళే దారి లేదు. వకీలు సేవలు ఆ చట్టం కిందికి రావని 2024లో సుప్రీంకోర్టు చెప్పేసింది.

ఇంకో మాట కూడా న్యాయంగా చెప్పాలి. ప్లీడర్లందరూ అలాంటివాళ్ళు కాదు. కబురు పంపినా రాని కక్షిదారుల కోసం చేతి డబ్బు పెట్టి కాగితాలు దాఖలు చేసేవాళ్ళూ ఉన్నారు. మీ నంబరు మారితే చెప్పాల్సింది మీరే.

చావు కబురు కోర్టుకూ చేరాలి

డిఫాల్టు కంటే మెత్తగా గొంతు కోసేది ఇంకొకటి ఉంది. అప్పీలు నడుస్తుండగా ఇంటిపెద్ద కన్నుమూస్తాడు. దినవారాలు చేస్తారు, పాసుపుస్తకం మార్పించుకుంటారు, సహకార సంఘంలో అప్పు సంగతి చూసుకుంటారు. కోర్టుకు మాత్రం ఎవరూ కబురు పెట్టరు. కొడుకులకు అప్పీలు నంబరు కూడా తెలియదు.

అప్పీలుదారు చనిపోయిన 90 రోజుల్లో వారసులను చేర్చమని పిటిషన్ వేయకపోతే అతని మేరకు అప్పీలు దానంతటదే ముగిసిపోతుంది. దీన్ని అబేట్ కావడం అంటారు. ఎవరూ పిలవరు, ఎవరూ కొట్టేయరు, అదే చచ్చిపోతుంది. ఆ తర్వాత మరో 60 రోజుల్లోగా దాన్ని రద్దు చేయమని అడగవచ్చు. అదీ దాటితే ఆలస్యానికి కారణం చెప్పుకుని 5వ సెక్షను కింద బతిమాలుకోవాల్సిందే.

అవతలి పార్టీ చనిపోయినా ఇదే చిక్కు. ఆయన వారసులను చేర్చాల్సిన బాధ్యత అప్పీలు వేసిన మీదే. ‘పోయింది వాళ్ళ మనిషి, నాకేం’ అనుకుంటే మీ అప్పీలే దెబ్బతింటుంది. ఉమ్మడి భూమి మీద అందరికీ కలిపి ఒకే డిక్రీ ఉన్నప్పుడు, ఒక్కరి వారసులను చేర్చకపోయినా మొత్తం అప్పీలుకు ముప్పు రావచ్చు. పక్క ఊళ్ళో ఉన్నవాడు పోయిన సంగతి మీకు నిజంగా తెలియకపోతే అది కారణంగా చెప్పుకోవచ్చు. తమ కక్షిదారు చనిపోయినట్టు తెలిసిన ప్లీడరు ఆ సంగతి కోర్టుకు చెప్పాలన్న రూలు కూడా 1976 నుంచి ఉంది.

వారసులంటే కొడుకులు మాత్రమే కాదు. వీలునామా రాయకుండా పోయిన హిందూ రైతుకు భార్య, కొడుకులు, కూతుళ్ళు, బతికి ఉంటే తల్లి, అందరూ వారసులే. అత్తారింటికి వెళ్ళిన ఆడబిడ్డను వదిలేసి పిటిషన్ వేస్తే అవతలివారి ప్లీడరు దాన్నే పట్టుకుంటాడు.

హైకోర్టు మారిన సంగతి తెలుసా?

రెండో అప్పీలు హైకోర్టుకు వెళుతుంది. అక్కడ ముఖ్యమైన న్యాయ ప్రశ్న ఉంటేనే వింటారు. 2019 జనవరి 1 నుంచి ఉమ్మడి హైకోర్టు రెండుగా విడిపోయింది. తెలంగాణ హైకోర్టు హైదరాబాదులోనే ఉంది, ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అమరావతికి వచ్చింది. మన జిల్లాల కేసుల ఫైళ్ళు ఇక్కడికి వచ్చాయి. మీరు 2019కి ముందు రెండో అప్పీలు వేసి ఉంటే, వకాల్తా తీసుకున్న ప్లీడరు హైదరాబాదులోనే ఉండిపోయి ఉండవచ్చు. ఫైలు ఒకచోట, వకీలు ఇంకోచోట అయితే పిలిచినప్పుడు పలికేదెవరు? అలాంటి పాత అప్పీలు ఉన్నవాళ్ళు ఈ నెలలోనే దాని సంగతి కనుక్కోండి.

అవతలి గట్టున ఉన్నదీ రైతే

డిఫాల్టు రూలే తీసేయాలని కొందరు అంటారు. నేను ఒప్పుకోను. స్టే తెచ్చుకుని, కావాలనే వాయిదాలకు రాకుండా పదేళ్ళు సాగదీసేవాళ్ళు మన ఊళ్ళలో లేరా? డిక్రీ చేతిలో ఉండి కూడా భూమిలో కాలు పెట్టలేక కుమిలిపోయే ఆ అవతలి మనిషీ మనలాంటి చిన్న రైతే. రాని వారి కోసం కోర్టు ఎన్నాళ్ళు కాచుకోవాలి? రూలు ఉండాలి.

అప్పీలు మీద మీకే ఆసక్తి పోతే దాన్ని కుళ్ళబెట్టకండి. పెద్దల ముందు తెగిందంటే ఆ సంగతి కోర్టులోనూ రాయించుకోవాలి. లోక్ అదాలత్‌లో రాజీ పడితే కట్టిన కోర్టు ఫీజు తిరిగి వస్తుంది, అవార్డు డిక్రీతో సమానం, దాని మీద మళ్ళీ అప్పీలు ఉండదు. కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని ఊరికే అనలేదు. పన్నెండు సెంట్ల కోసం పన్నెండేళ్ళు తిరిగిన ఖర్చు లెక్క వేసుకోండి. కానీ రాజీ పడటం వేరు, పట్టించుకోక పోగొట్టుకోవడం వేరు.

కోర్టులు చేయాల్సిన పని

ముందు చెప్పిన ‘కొట్టివేయవచ్చు’ అన్న మాట దగ్గరకు మళ్ళీ వద్దాం. అప్పీలు పిలిచినప్పుడు ప్లీడరు రాకపోతే, కొట్టేసే ముందు ఒక్కసారి రైతు ఇంటికే కబురు పంపాలి. ఒక పోస్టు కార్డు, లేదా తెలుగులో ఒక ఫోను సందేశం. ‘మీ అప్పీలులో మీ తరఫున ఎవరూ రాలేదు, ఫలానా తేదీకి రాకపోతే కొట్టివేస్తాం’ అని రెండు ముక్కలు చాలు. దీనికి కొత్త చట్టం అక్కర్లేదు. కొట్టేయడం, కొట్టేయకపోవడం జడ్జిగారి విచక్షణలో ఉన్నప్పుడు, ఇంకో వాయిదా వేసి కబురు పంపించే వీలు ఇప్పుడు కూడా ఉంది. అప్పటికీ రాకపోతే కొట్టేయండి, అప్పుడు ఎవరూ తప్పుపట్టరు.

ఇంకొకటి. డిఫాల్టులో పోయిన అప్పీళ్ళ పట్టీని ఊరి పేర్లతో న్యాయసేవాధికార సంస్థకు ఇచ్చి, ఆయా పంచాయతీ ఆఫీసుల్లో అంటించాలి. 30 రోజులు దాటకముందే ఎవరో ఒకరు చదివి చెబుతారు. కరెంటు కోత వేళలు అంటించే చోట కోర్టు కబురు అంటించడం కష్టమేమీ కాదు.

బార్ అసోసియేషన్లు కూడా ఆలోచించాలి. ప్లీడరు చనిపోయినా, ప్రాక్టీసు మానినా ఆయన దగ్గరున్న కేసుల కక్షిదారులకు కబురు పెట్టే బాధ్యత ఎవరో ఒకరు తీసుకోవాలి. వకీళ్ళకు సమ్మె చేసే హక్కు లేదని 2002లోనే సుప్రీంకోర్టు చెప్పింది. బహిష్కరణల రోజున రైతు కేసు బలి కాకూడదు.

మీరు చేయాల్సిన పని

కోర్టులు మారేదాకా మనం కాచుకుని కూర్చోలేం. ఈ పనులు ఈ వారమే మొదలుపెట్టండి.

కింది కోర్టు దావా నంబరు (ఓ.ఎస్.), అప్పీలు నంబరు (ఎ.ఎస్.), సంవత్సరం, కోర్టు పేరు, ప్లీడరు పేరు ఒక కాగితం మీద రాసి పాసుపుస్తకంలో పెట్టండి. భార్యకు, పిల్లలకు చూపించండి. మీరు లేకపోయినా వాళ్ళకు దారి తెలియాలి.

ప్రతి కేసుకూ అక్షరాలు, అంకెలు కలిసి 16 ఉండే సి.ఎన్.ఆర్. నంబరు ఉంటుంది. ప్లీడరును అడిగి తీసుకోండి. ‘ఈకోర్ట్స్ సర్వీసెస్’ అనే యాప్‌లో ఆ నంబరు కొడితే వచ్చే వాయిదా ఎప్పుడో, అప్పీలు బతికుందో పోయిందో కనిపిస్తుంది. చదువుకునే పిల్లలు రెండు నిమిషాల్లో చూసిపెడతారు. పైసా ఖర్చు లేదు. సంతకు వెళ్ళినట్టు నెలకోసారి చూడండి.

మూడు నెలలకోసారైనా ప్లీడరును కలవండి. ఇచ్చిన డబ్బుకు రసీదు అడగండి. నంబరు మారితే చెప్పండి. నోటీసుల బత్తా కట్టమంటే ఆ రోజే కట్టండి. బత్తా కట్టక నోటీసు వెళ్ళకపోయినా అప్పీలుకు ముప్పే.

వాదనల రోజున వీలైతే వెళ్ళండి. ప్లీడరు రాకపోతే మీరే లేచి నిలబడి చేతులు జోడించి, ‘అయ్యా, మా వకీలు గారు రాలేదు, వాయిదా ఇప్పించండి’ అని తెలుగులోనే చెప్పండి. పార్టీ స్వయంగా కోర్టుకు హాజరు కావచ్చు. భయపడాల్సింది లేదు.

డబ్బు లేక ప్లీడరును పెట్టుకోలేకపోతే జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయసేవాధికార సంస్థకు, లేదా దగ్గరలోని మండల న్యాయసేవాధికార కమిటీకి వెళ్ళండి. 15100 నంబరుకు ఉచితంగా ఫోను చేయవచ్చు. 1987 చట్టం ప్రకారం ఆడవారికి, షెడ్యూల్డు కులాలు, తెగల వారికి, ప్రభుత్వం పెట్టిన ఆదాయ పరిమితి లోపల ఉన్నవారికి ఉచితంగా వకీలును ఇస్తారు. వరదకో, కరువుకో గురై చితికిపోయినవాళ్ళకు కూడా ఇస్తారని ఆ చట్టంలోనే ఉంది. మనలో ఈ సంగతి తెలిసినవారు తక్కువ. అప్పీలుకూ, రీస్టోరేషన్‌కూ కూడా ఈ సాయం అడగవచ్చు.

అప్పీలులో మీరు ఎదుటివారుగా ఉన్నా కాపలా తప్పదు. మీరు రాకపోతే మిమ్మల్ని వదిలేసి ఒక పక్కే విని తీర్పు చెప్పవచ్చు. గెలిచిన కేసు అలా చేజారుతుంది. అది తిప్పించుకోవడానికీ 30 రోజులే.

కోర్టులో గెలుపు ఓటములు మన చేతిలో లేవు. సాక్ష్యం చాలకపోతే ఓడిపోతాం, ఓడినా ఒక తీర్పు విన్నామన్న తృప్తి ఉంటుంది. పేరు పిలిచినప్పుడు పలకడం మాత్రం మన చేతిలోనే ఉంది. మీ అప్పీలు సంగతి కనుక్కుని ఎన్నాళ్ళైంది? ఏడాది దాటితే, రేపు ఎరువుల కోసం పట్నం వెళ్ళినప్పుడు ముందు కోర్టు వైపు నడవండి.